ఆస్తీన్ కా సాంప్ – కాటుపడిన చెయ్యి

(రేడియో ప్రసంగ పాఠం)

ధ్యాన భాగములు: సంఖ్యాకాండము 21:4-9, అపొస్తలుల కార్యములు 28:1-10

మీరు వంటింట్లో ఉన్నా, ప్రయాణంలో ఉన్నా, ఆస్పత్రి మంచం మీద ఉన్నా, ఈ కొద్ది నిమిషాలు దేవుని వాక్యం దగ్గర కూర్చోమని ప్రేమతో కోరుతున్నాను.

మన హైదరాబాదులో తెలుగువాళ్ళం కూడా ఉర్దూలోనే అనుకునే మాటలు కొన్ని ఉన్నాయి. 'ఆస్తీన్ కా సాంప్' అనేది వాటిలో ఒకటి. ఆబిడ్స్‌లో జనరల్ పోస్టాఫీసు దాటి దుకాణాల వరుసలో నడవండి. భాగస్వాములు విడిపోయిన దుకాణం గురించి మాట వచ్చిందంటే ఎవరో ఒకరు ఈ మాట అంటారు. నాంపల్లి క్రిమినల్ కోర్టుల దగ్గర వాయిదా కోసం కాచుకున్నవారి మధ్య కూర్చోండి. అన్న తమ్ముణ్ణి, మామ అల్లుణ్ణి, యజమాని పాత గుమాస్తాను ఇదే మాట అనడం వినబడుతుంది. అంతెందుకు, సంఘ కమిటీ ఎన్నికలు దగ్గరపడినప్పుడు మన చర్చి ఆవరణలో కూడా ఈ మాట వినబడుతుంది.

ఈ మాటకు అర్థం ఏమిటి? ఇది ఎక్కడి నుండి వచ్చింది? ఈ మాట అనే మన హృదయానికి ఏమవుతుంది? ఈ మూడు సంగతులు ఈరోజు ధ్యానించుకుందాం.

ఆస్తీన్ అంటే చొక్కా చెయ్యి. సాంప్ అంటే పాము. చొక్కా చేతిలో దాగిన పాము అని అర్థం. ఇది పారశీక భాషలో 'మారే ఆస్తీన్' అనే మాటకు సరిగ్గా ఉర్దూ రూపం. అక్కడ మార్ అంటే పాము. పూర్వం ఆ దేశాల్లో తొడుక్కునే అంగీల చేతులు చాలా వెడల్పుగా ఉండేవి. మనం జేబులో పెట్టుకున్నట్టు వాళ్ళు ఆ చేతుల మడతలో డబ్బు, ఉత్తరాలు దాచుకునేవారు. అంటే మనిషి తనకు విలువైనవి, నమ్మకమైనవి దాచుకునే చోటు అది. అక్కడే పాము ఉంటే? మన నిజాం రాజ్యంలో 1880ల దాకా దర్బారు భాష పారశీకమే. ఆ తరువాత ఉర్దూ వచ్చింది. ఇలా దర్బారు భాషలోని పలుకుబళ్ళు ఎన్నో బజారు భాషలో కలిసిపోయాయి.

మన తెలుగులోనూ దీనికి దగ్గర మాట ఉంది కదా. 'పాలు పోసి పెంచిన పాము' అంటాం. ఇంగ్లీషువారు 'గడ్డిలో పాము' అంటారు. అది క్రీస్తుకు పూర్వం వర్జిల్ అనే రోమా కవి రాసిన గొల్లల పాటల నుండి వచ్చింది. అయితే తేడా గమనించండి. గడ్డిలో పాము ఎవరి పామో మనకు తెలియదు. అది దాగిన శత్రువు. చొక్కా చేతిలో పాము అలాంటిది కాదు. దానికి చోటు ఇచ్చింది మనమే. దానికి తగిలిన వెచ్చదనం మన ఒంటిదే. ఈసపు చెప్పిన కథ మీలో చాలామంది బడిలో చదువుకొని ఉంటారు. చలికి కొయ్యబారిన పామును చూసి ఒక రైతు జాలిపడి రొమ్మున పెట్టుకుంటాడు. వెచ్చబడగానే అది అతన్నే కాటువేస్తుంది. ఈ మాటలో ఉన్న బాధ అదే. శత్రువు కొడితే గాయం అవుతుంది. మనం అన్నం పెట్టినవాడు కొడితే గాయంతో పాటు అవమానం కూడా అవుతుంది. ఎంత తెలివితక్కువవాడినయ్యాను అని మనిషి లోలోపల కుమిలిపోతాడు.

కాబట్టి ఈ మాట అనేవాళ్ళను నేను తేలికగా తీసుకోను. ఆ మాట వెనుక చాలాసార్లు నిజమైన కాటు ఉంటుంది.

అయినా ప్రియులారా, ఒక సంగతి ఆలోచించండి. పాము నిజంగా ద్రోహం చేస్తుందా? పాము పాలు తాగే ప్రాణి కాదు. అది ఎలుకలను, కప్పలను తినే జీవి. దాహంతో అలమటించే స్థితిలో ఏది ముందు పెడితే అది తాగవచ్చు గాని, పాలు దాని ఆహారం కాదు. వెచ్చదనం కోసం అది ఏదో మూలకు చేరుతుంది. తొక్కినా, నొక్కినా, భయపెట్టినా కాటువేస్తుంది. ఒకరి అన్నం తిని, ఒకరి సంతకం పెట్టించుకుని, ఒకరి నమ్మకం అమ్ముకోవడం పాముకు చేతకాదు. అది మనిషికే చేతనవును. ద్రోహం చేసినవాడిని పాము అన్నప్పుడు మనం అతని పాపాన్ని సరిగ్గా చెప్పడం లేదు. మనిషికైతే జవాబుదారీ ఉంటుంది, పశ్చాత్తాపానికి దారి ఉంటుంది. పాముకు ఆ రెండూ లేవు. పామును చూస్తే ఎవరైనా చేసే పని ఒక్కటే, కర్ర తీసుకోవడం.

కొందరు శ్రోతలు ఇక్కడ అడుగుతారు: "అయ్యగారూ, బైబిలులో కూడా మనుషులను సర్పసంతానము అన్నారు కదా?" అవును. బాప్తిస్మమిచ్చు యోహాను అన్నాడు. మన ప్రభువు కూడా మత్తయి సువార్త 12వ, 23వ అధ్యాయాల్లో ఆ మాట వాడాడు. కాని రెండు సంగతులు గమనించండి. మొదటిది, వారు ఆ మాట ఎదుట నిలబడి అన్నారు, వెనుక కాదు. ప్రజలకు దారి చూపవలసిన పెద్దలు దారి తప్పించినప్పుడు అన్నారు. రెండవది, యోహాను ఆ మాటతో ఆగలేదు. మారుమనస్సుకు తగిన ఫలము ఫలించమని వెంటనే పిలిచాడు. అది తలుపు మూసే మాట కాదు, తలుపు తట్టే మాట.

మరి నిజంగా మన ప్రభువు చొక్కా చేతిలో ఉన్నవాడు ఎవరు? ఫరిసయ్యులు కాదు. యూదా ఇస్కరియోతు. మూడేళ్ళు వెంట తిరిగినవాడు, డబ్బు సంచి చేత పట్టుకున్నవాడు, అదే పాత్రలో చెయ్యి ముంచినవాడు. ఏమి జరగబోతుందో ప్రభువుకు తెలుసు. తెలిసీ అతని పాదాలు కడిగాడు. గెత్సేమనే తోటలో అతడు ముద్దు పెట్టుకొని అప్పగించినప్పుడు ప్రభువు ఏమని పిలిచాడో మత్తయి 26వ అధ్యాయం 50వ వచనంలో చూడండి. పాము అనలేదు. చెలికాడా అన్నాడు. ఎదిరించినవారిని ముఖాముఖి గద్దించిన ఆ నోరే, ద్రోహం చేసినవాణ్ణి స్నేహితుని పేరుతో పిలిచింది. ఆఖరి నిమిషం వరకు యూదాకు ఆ పేరు తెరిచి ఉంచాడు. దాన్ని అందుకోకపోవడం యూదా చేసుకున్నది.

ఒక శ్రోత నాకు ఉత్తరం రాశారు. పేరు చెప్పను. ఆబిడ్స్‌లో చిన్న దుకాణం నడిపే పెద్దాయన. అక్క చనిపోతే మేనల్లుణ్ణి తెచ్చి చదివించారు, దుకాణంలో కూర్చోబెట్టారు. ఆ అబ్బాయి పెద్దవాడై, దుకాణం ఖాతాదారులను తనవైపు తిప్పుకొని, రెండు వీధుల అవతల సొంత దుకాణం పెట్టాడు. బాకీ కింద ఇచ్చిన చెక్కు బౌన్సు అయ్యింది. నాంపల్లిలో కేసు నడుస్తోంది. ఆయన రాసిన మాటలు ఇంచుమించుగా ఇవి: "అయ్యగారూ, మూడేళ్ళుగా మా ఇంట్లో వాడి పేరు ఎవరమూ పలకం. 'ఆ పాము' అంటాం. మొన్న ఒక పెళ్ళిలో వాడు ఎదురుపడ్డాడు. నాలుగేళ్ళ మా మనవరాలు అందరిముందు, తాతయ్యా, పాము మామయ్య ఈయనేనా అని అడిగింది. వాడి మొహం చూడలేకపోయాను. ఇంకో సంగతి. మా సంఘంలో తండ్రి లేని కుర్రాడు కాలేజీ ఫీజుకు సాయం అడిగితే, డబ్బు ఉండి కూడా లేదన్నాను. చెయ్యి చాచాలంటే భయంగా ఉంది. నేను ఏమి చెయ్యాలి?"

ఈ ఉత్తరంలో రెండు గాయాలు ఉన్నాయి ప్రియులారా. మేనల్లుడు చేసిన గాయం ఒకటి. ఆ తరువాత ఇంట్లో పెరిగిన విషం ఇంకొకటి. మొదటి గాయంతో ఏ సంబంధమూ లేని ఒక చిన్న పిల్ల నాలుక మీదికి, ఒక తండ్రి లేని కుర్రాడి చదువు మీదికి ఆ విషం పాకింది. పాము ఒక్కసారే కాటువేసింది. మిగతాది ఒంట్లో నడుస్తోంది.

మన నగరంలో పాముకాటు గురించి ఇంకొక జ్ఞాపకం ఉంది. ఆబిడ్స్‌కు ఆ పేరు ఆల్బర్ట్ ఆబిద్ అనే ఆయన దుకాణం వల్ల వచ్చింది. ఆయన ఆరవ నిజాం మహబూబ్ అలీ ఖాన్ దగ్గర పనిచేశాడు. ఆ నిజాం 1869 నుండి 1911 వరకు రాజుగా ఉన్నాడు. ఆయన చేతిలో పాముకాటును నయం చేసే శక్తి ఉందని అప్పటి ప్రజలు నమ్మేవారు. ఎవరికి పాము కరిచినా, పగలైనా రాత్రైనా, తన దగ్గరికి రావచ్చునని, నిద్రపోతున్నా లేపవచ్చునని ఆయన సెలవిచ్చాడని చెబుతారు. ఎన్నోసార్లు ఆయన్ను నిద్ర లేపారని కూడా చెబుతారు. అటువంటి మొరను ఉర్దూలో దుహాయీ అంటారు. నిస్సహాయుడు రక్షించేవాని పేరు ఎత్తి పెట్టే కేక అది.

ఆ నమ్మకాన్ని నేను బోధించడం లేదు. పాము కరిస్తే ఆస్పత్రికే వెళ్ళాలి. కాని ఒక్క సంగతి చూడండి. ఒకే నగరంలో పాము గురించి రెండు కేకలు ఉన్నాయి. ఒకటి 'ఆస్తీన్ కా సాంప్' అని కరిచినవాడి వైపు వేలు చూపించేది. రెండవది 'దుహాయీ' అని బాగుచేసేవాడి తలుపు తట్టేది. కాటుపడినవాడికి ఈ రెండింటిలో ఏది ప్రాణం నిలబెడుతుంది?

సంఖ్యాకాండము 21వ అధ్యాయంలో ఇశ్రాయేలీయులు అరణ్యంలో సణిగారు. విషసర్పాలు వారి మధ్యకు వచ్చాయి. అనేకులు చనిపోయారు. అప్పుడు జనులు మోషే దగ్గరికి వచ్చి తమ పాపం ఒప్పుకొని ఏమని అడిగారు? పాములను తొలగించమని అడిగారు. దేవుడు ఏమి చేశాడు? కంచుతో ఒక సర్పాన్ని చేయించి స్తంభం మీద ఎత్తించాడు. పాములు వెంటనే మాయమైపోయాయని అక్కడ రాసి లేదు. కాటుపడినవాడు తల ఎత్తి చూస్తే బ్రతికాడని రాసి ఉంది. వాళ్ళు పాములు లేని పాళెము అడిగారు. దేవుడు కాటుకు స్వస్థత ఇచ్చాడు. కాలి దగ్గర పామును వెతుకుతూ కూర్చున్నవాడికి పైకి చూసే తీరిక ఉండదు.

నేటి వైద్యులు చెప్పేది కూడా ఇదే. మన దేశంలో పాముకాటు మరణాల గురించి 2020లో వెలువడిన అధ్యయనం ప్రకారం, 2000 నుండి 2019 వరకు సుమారు 12 లక్షల మంది, అంటే ఏడాదికి సగటున 58,000 మంది చనిపోయారు. మనలో పల్లెల నుండి వచ్చినవారు, పొలాల్లో బంధువులున్నవారు ఈ మాట గుర్తుపెట్టుకోండి. పాము కరిస్తే దాన్ని వెంటాడి చంపడానికి సమయం పోగొట్టవద్దు. గాయం కోయవద్దు, నోటితో పీల్చవద్దు, గట్టిగా కట్టు బిగించవద్దు. ఉంగరాలు, గాజులు తీసివేయండి. కరిచిన చెయ్యి, కాలు కదలకుండా ఉంచి వెంటనే ఆస్పత్రికి చేర్చండి. ప్రార్థన దారిలో చేయండి. ప్రార్థన కోసం ప్రయాణం ఆపవద్దు.

ఆస్పత్రిలో ఇచ్చే విషం విరుగుడు మందు ఎలా తయారవుతుందో తెలుసా? మద్రాసు దగ్గర ఇరుల తెగవారు 1978లో ఒక సహకార సంఘం ఏర్పాటు చేసుకున్నారు. వాళ్ళు నాగుపాము, కట్లపాము, రెండు రకాల పింజరలు పట్టి, విషం తీసి, పాములను తిరిగి వదిలిపెడతారు. ఆ విషాన్ని కొద్దికొద్దిగా గుర్రానికి ఎక్కిస్తారు. గుర్రం ఆ విషాన్ని తన రక్తంలో భరిస్తుంది, జయిస్తుంది. ఆ రక్తం నుండి తీసిన మందు మనిషిని బ్రతికిస్తుంది. విషం భరించినవాని రక్తంలోనే విరుగుడు ఉంది! మన ప్రభువు నీకొదేముతో మాట్లాడినప్పుడు అరణ్యంలో ఎత్తబడిన ఆ సర్పాన్ని తన సిలువకు పోల్చాడు. మనం మోయలేని విషాన్ని ఆయన మోశాడు. నమ్మినవాడు మోసం చేస్తే కలిగే చేదు కూడా అందులో ఉంది. ఆయనకు ఆ బాధ తెలుసు. కాబట్టి కాటుపడిన సహోదరుడా, సహోదరీ, నీ మొర మొదట ఆయన దగ్గర పెట్టు. ఆ తలుపు రాత్రి ఏ జాములోనైనా తెరిచి ఉంటుంది.

ఇక అపొస్తలుల కార్యములు 28వ అధ్యాయానికి వెళ్దాం. ఓడ పగిలి 276 మంది మెలితే ద్వీపానికి చేరారు. వర్షం, చలి. ఆ ద్వీపవాసులు మంట వేసి ఆదరించారు. పౌలు ఖైదీ, అయినా ఊరుకోలేదు. అందరి చలి మంట కోసం పుల్లలు ఏరాడు. ఆ పుల్లల్లో నుండి వేడికి పాము బయటికి వచ్చి అతని చెయ్యి పట్టుకుంది. మేలు చేస్తున్న చేతికే కాటు! ఆస్తీన్ కా సాంప్ అంటే ఇంతకంటే ఏముంది?

పౌలు చేసినది చూడండి. మొదట దాన్ని మంటలో దులిపివేశాడు. చేతికి వేలాడనివ్వలేదు. అందరికీ చూపించుకుంటూ తిరగలేదు. తరువాత ఏమి జరిగింది? ఆ ద్వీపంలో ముఖ్యుడైన పొప్లి తండ్రి జ్వరంతో, రక్తభేదితో పడి ఉన్నాడు. పౌలు అతని దగ్గరికి వెళ్ళి ప్రార్థించి చేతులుంచి స్వస్థపరిచాడు. ఏ చేతులు? పుల్లలు ఏరిన చేతులే, పాము పట్టుకున్న చేతులే. ఆ రోజు పౌలు ఇకమీదట ఎవరికీ పుల్లలు ఏరను అని చేతులు ముడుచుకొని ఉంటే, ఆ ముసలాయన మంచం మీదే ఉండిపోయేవాడు.

ఆ ఉత్తరం రాసిన పెద్దాయనకు, ఆయనలాంటి మీకందరికీ ప్రభువు పేరిట మూడు మాటలు చెబుతాను.

మొదటిది, పేరు తిరిగి ఇవ్వండి. మీ ఇంట్లో ఈ రాత్రి నుండి అతన్ని అతని పేరుతో పిలవండి. అప్పుడే ప్రేమ పుట్టనవసరం లేదు. పేరు చాలు. ప్రార్థనలో పాము కోసం ఎవరూ మోకరించలేరు. పేరున్న మనిషి కోసం మోకరించగలం.

రెండవది, లెక్క లెక్కగానే ఉండనివ్వండి. క్షమించడం అంటే బాకీ లేదని అబద్ధమాడడం కాదు. న్యాయస్థానంలో మీకు రావలసినది అడగడం పాపం కాదు. తాళంచెవులు మళ్ళీ ఇవ్వనవసరం లేదు. ఇంట్లో దెబ్బలు తింటున్న సహోదరీ, నీతో ప్రత్యేకంగా చెబుతున్నాను: చేతికి వేలాడే పామును దులిపివేసుకోవడం పౌలుకు తప్పు కాలేదు, నీకూ కాదు. సహాయం అడుగు, క్షేమమైన చోటుకు వెళ్ళు. పామువలె వివేకం, పావురమువలె నిష్కపటం, రెండూ కలిపే ప్రభువు మనకు నేర్పాడు.

మూడవది, పుల్లలు ఏరడం మానవద్దు. అన్నా, ఆ కుర్రాడు ఇంకా ఫీజు కోసం ఎదురుచూస్తున్నాడేమో. ఒకడు మోసం చేశాడని ఇంకొకడికి చెయ్యి మూసుకుంటే, మేనల్లుడు మీ డబ్బుతో పాటు మీ దయను కూడా తీసుకుపోయినట్టు అవుతుంది. డబ్బు కోర్టు తిరిగి ఇప్పించవచ్చు. దయను మాత్రం మీరే తిరిగి తెచ్చుకోవాలి.

మరొక మాట. ఈరోజు ఎవరి ఇంట్లోనో మీకు పేరు లేకపోయి ఉండవచ్చు. మిమ్మల్ని 'ఆ పాము' అంటున్న ఇల్లు ఒకటి ఉందని మీకు తెలుసు. వాళ్ళు అంటున్న మాట తప్పు, వాళ్ళకు జరిగిన నష్టం నిజం. మీరు పాము కాదు గనుకనే మీకు తిరిగి వెళ్ళే దారి ఉంది. వెళ్ళండి. చెల్లించవలసింది చెల్లించండి. చెలికాడా అనే పిలుపు యూదా అందుకోలేదు. మీరు అందుకోవచ్చు.

ప్రార్థించుకుందాం. పరలోకమందున్న తండ్రీ, కాటుపడిన నీ బిడ్డలు ఈ సమయమున నీ వైపు తల ఎత్తుతున్నారు. వారి లోపల నడుస్తున్న విషాన్ని నీ కుమారుని రక్తము ద్వారా విరిచివేయుము. మేము పలకడం మానుకున్న పేర్లు మా నోటికి తిరిగి ఇమ్ము. ముడుచుకున్న మా చేతులు తెరువుము. యేసు నామములో అడుగుచున్నాము తండ్రీ, ఆమేన్.